తల్లి ఎలుక నాలుక

'పాడిని చూసి బర్రెను, తల్లిని చూసి పిల్లను తెచ్చుకో' అంటారు మన పెద్దలు. బర్రెకి పాడి జాతిని బట్టి వస్తుంది (మేత సంగతి కాసేపు పక్కన పెడదాం). మరి పిల్లకి తల్లి పోలిక రక్తంలోంచి వస్తుందా, పెంపకంలోంచి వస్తుందా? పెళ్లిచూపుల్లో ఎవరూ ఈ ప్రశ్న వెయ్యరు. కెనడాలో, మాంట్రియల్‌లోని మెక్‌గిల్ విశ్వవిద్యాలయంలో మైకేల్ మీనీ అనే శాస్త్రవేత్త మాత్రం ఎలుకల్ని పట్టుకుని ఇదే అడిగారు.

ప్రయోగశాల ఎలుకల్లో కొన్ని తల్లులు పుట్టిన పిల్లల్ని అదేపనిగా నాకుతాయి, ఒళ్లంతా సవరిస్తాయి. మరికొన్ని పాలైతే ఇస్తాయిగానీ నాకడం తక్కువ. మొదటి రకం తల్లి దగ్గర పెరిగిన పిల్లలు పెద్దయ్యాక ఊరికే బెదిరిపోవు. ఆడవైతే, తామూ తల్లులయ్యాక పిల్లల్ని బాగా నాకుతాయి. రెండో రకం తల్లి కూతుళ్లదీ తల్లి దారే. వంశంలోనే ఉందనిపిస్తుంది కదూ!

మీనీ బృందం పురిట్లోనే పిల్లల్ని తారుమారు చేసి చూసింది. తక్కువ నాకే తల్లి కన్న కూనని బాగా నాకే తల్లి ఒడిలో పెట్టింది. ఆ కూన పెరిగి తల్లయ్యాక కన్నతల్లిలా కాదు, పెంచిన తల్లిలా నాకింది! ఈ ఫలితం 1999లో వెలువడింది.

అయితే జన్యువులకి ఇందులో పని లేదా? ఉంది. బెదురుని అదుపులో పెట్టే ఒక జన్యువు మెదడులో ఉంటుంది. తక్కువ నాకే తల్లి దగ్గర పెరిగిన పిల్లల్లో దానిమీద మిథైల్ అనే రసాయన గుర్తులు ఎక్కువగా అంటుకుని ఉన్నాయి. తాళం వేసినట్టన్నమాట. బాగా నాకించుకున్న పిల్లల్లో ఆ తాళాలు తక్కువ. తేడా అంతా పుట్టిన మొదటి వారంలోనే ఏర్పడుతోందని 2004లో తేలింది. జన్యువు అదే, దాని వాడకమే మారింది.

ఇంతకీ అన్నిటికీ ఇదే లెక్కనుకుంటే పొరపాటు. అమెరికాలో ఓల్డ్‌ఫీల్డ్, డీర్ అని రెండు రకాల చిట్టెలుకలున్నాయి. మొదటి రకంలో జంట విడిపోదు, తండ్రి కూడా పిల్లల్ని సాకుతాడు. రెండో రకం తండ్రికి ఆ బాదరబందీ పెద్దగా లేదు. హార్వర్డ్‌లో హోపీ హోక్‌స్ట్రా బృందం వీటి పిల్లల్నీ తారుమారు చేసింది. ఎవరి దగ్గర పెరిగినా చివరికి కన్నవాళ్ల తీరే వచ్చింది. రెండు రకాల్నీ కలిపి పుట్టించిన సంకర సంతానాన్ని పరీక్షిస్తే, పెంపకంతో ముడిపడ్డ డీఎన్ఏ భాగాలు 12 దొరికాయి. వాటిలో కొన్ని తండ్రులమీదే పనిచేస్తాయి, కొన్ని తల్లులమీదే. వాసోప్రెసిన్ అనే హార్మోను ఎక్కువైతే గూడు కట్టే ఓపిక తగ్గుతుందనీ అదే పరిశోధనలో, 2017లో తేలింది.

ఎలుకల లెక్కని మనుషులకి ఉన్నదున్నట్టు అంటగట్టకూడదనుకోండి. కానీ పిల్లల్ని సరిగా చూడని తల్లి కనబడితే 'దాని బుద్ధే అంత' అనేయడం మనకి బాగా అలవాటు. మీనీ, ఫ్రాన్సెస్ షాంపేన్ కలిసి 2006లో ప్రకటించిన ప్రయోగం ఒకటుంది. బాగా నాకే రకం ఎలుకల్నే తీసుకుని, కడుపుతో ఉండగా రోజూ కాసేపు కదలకుండా బంధించారు. ప్రసవమయ్యాక అవి నాకడం తగ్గించేశాయి. తరవాతి కాన్పుకి ఎవరూ బాధపెట్టలేదు, అయినా తగ్గే ఉంది. వాటి కూతుళ్లు పెరిగి పిల్లల్ని కన్నాక, అవి కూడా తక్కువే నాకాయి.