రైతనగా నెవ్వరు?

ఒక నాయకుడు శాసనసభలో ఎన్నియేండ్లు కూర్చుండెనో లెక్కించి, ఆ లెక్కనే ఆయన గొప్పతనముగా నెంచుట మనవారికి అలవాటైపోయినది. ఆచార్య ఎన్. జి. రంగాగారి జయంతిసభకు పోయి చూడుడు. ఆయన ఏబదియేండ్లపాటు పార్లమెంటు సభ్యులుగా నుండిరనియు, ఆ సంగతి గిన్నిస్ గ్రంథమున కెక్కినదనియు మొదటి వక్త చెప్పును. రెండవ వక్తయు అదియే చెప్పును. పిమ్మట పూలదండ వేసి ఎవరి యింటికి వారు పోవుదురు. మఱ్ఱిచెట్టు వయస్సు విన్నంత మాత్రమున బాటసారికి చల్లదనము కలుగదు. దాని నీడ ఎవరిపై బడెను, ఎవరు ఎండలో మిగిలిరి అని యడుగుట వివేకము. రంగాగారి యెడ ఆ ప్రశ్న నడుగుటకు మనము జంకుచున్నాము. అడిగినచో సమాధానము మన యిండ్లలోనికే వచ్చునను భయము కాబోలు!

ఆయన 1900 నవంబరు 7వ తేదీన గుంటూరుజిల్లా నిడుబ్రోలులో, సేద్యపు కుటుంబమున జనించిరి. ఆక్స్‌ఫర్డులో అర్థశాస్త్రము చదివి వచ్చి మద్రాసు పచ్చయ్యప్ప కళాశాలలో ఆచార్యులైరి. సీమచదువు చదివినవాడు పల్లెకు చుట్టపుచూపుగా వచ్చిపోవు ఆ దినములలో, రంగాగారు ఉద్యోగము వదలి పల్లెత్రోవ బట్టిరి. శిస్తు హెచ్చింపులపై రైతులను కూడగట్టిరి. వెంకటగిరి జమీందారీ రైతుల పక్షమున నిలిచిరి. నిడుబ్రోలున రైతు విద్యాలయమును నెలకొల్పి పల్లె యువకులకు రాజకీయములు బోధింపించిరి. 1936లో లక్నోలో అఖిలభారత కిసాన్ సభ ఏర్పడినప్పుడు స్వామి సహజానంద సరస్వతి అధ్యక్షులు, రంగాగారు కార్యదర్శి. అంతకుముందు రైతన్న మాట కచేరీలలో శిస్తు కట్టువాని పేరు మాత్రమే; దానిని తలయెత్తి పలుకదగిన మాటగా జేసినవారిలో ఆయన అగ్రగణ్యులు. 1948 నాటి మద్రాసు ఎస్టేట్ల రద్దు చట్టముతో జమీందారీలు కూలుటకు ఆ తరము చేసిన పోరాటమే బాటవేసెను. ఈ ఋణమును కాదనువాడు కృతఘ్నుడు.

ఆయన పక్షములు మార్చిరని ఆక్షేపించువారు కలరు. 1951లో కాంగ్రెసును వీడి కృషికార్ లోక్ పార్టీని స్థాపించిరి. మరల కాంగ్రెసున చేరిరి. 1959 జనవరిలో నాగపురమున కాంగ్రెసు సహకార సేద్యమును తీర్మానింపగా సహింపలేక బయటికి వచ్చి, రాజాజీగారితో గూడి స్వతంత్రపార్టీకి తొలి అధ్యక్షులైరి. ఆ పార్టీ క్షీణించిన పిమ్మట మరల కాంగ్రెసున చేరిరి. తెనాలి, చిత్తూరు, శ్రీకాకుళము, గుంటూరు ఆయనను లోకసభకు పంపినవి. ఈ రాకపోకలు నాకు ముఖ్యము కావు. పక్షము మారినను వాదము మారలేదు. భూమి తనదైనప్పుడే సేద్యగాడు దానికి ఎరువు తోలును, బావి త్రవ్వును, రాత్రివేళ నీటికి కాపుండును. తనది కాదన్ననాడు చేయి సడలును. ఇదియే ఆ వాదసారము. మంచి వాదమే. అయితే దానిని తుదివఱకు నడుపవలెను గదా!

తన భూమియందే మనుష్యుడు మనసుపెట్టి పాటుపడునన్నది సత్యమైనచో, పరుల భూమిని కౌలుకు బట్టి దున్నువాని గతియేమి? సర్కారు వచ్చి రైతు పొలమును ఉమ్మడిలో కలుపునేమోయని 1959లో హడలినవారు, పట్టాదారు ఏటేట కౌలుదారుని క్రిందినుండి పొలమును లాగివేయుట చూచి ఏల హడలరైరి? ఆ పార్టీ భూపరిమితిని గూడ ప్రతిఘటించెను. ఇరువది యెకరముల ఆసామియు, రెండెకరముల బక్కరైతును, కౌలుదారును, పాలేరును ఒకే తలపాగా క్రింద నిలిపి అందఱిని రైతులనిరి. జమీందారునకు ఎదురు నిలిచిన దినములలో అది చెల్లెను. జమీందారు పోయిన తరువాత తలపాగా ఒకటే మిగిలెను గాని తలలు వేరని తేలెను. రంగాగారు కూలీల దైన్యము నెఱుగనివారు కారు. ఎత్తిన జెండా మాత్రము భూమిగల రైతుది.

దీని ఫలము కాలువ పల్లపుభూములలో కొంత మఱుగున బడును. పడమటి నల్లరేగడిలో పట్టపగలువలె కానవచ్చును. చిలకలూరిపేట, పర్చూరు, మార్టూరు, అద్దంకి ప్రాంతములందును పల్నాటను పత్తి, మిరప పైరులు జూదమువంటివి. కౌలు పైకము ముందు చెల్లింపవలెను. విత్తనము, ఎరువు, పురుగుమందు అప్పుపై తేవలెను. కాయకోత కూలి చేతిపై పెట్టవలెను. పంట పోయినను కౌలు పోదు. 1980 నుండి 1991 వఱకు లోకసభలో గుంటూరునకు ప్రతినిధి రంగాగారే. ఆ కాలముననే, 1987-88 ప్రాంతమున, తెల్లదోమ పత్తిని నాశనము చేయగా గుంటూరు, ప్రకాశం జిల్లాల రైతులు పురుగుమందునే త్రాగి ప్రాణములు తీసికొనిరి. వారిలో కౌలుదారు లనేకులు. ఇది ఒక్క వ్యక్తి దోషమని నేననను. తరతరములుగా రైతుపేర నడచిన ఉద్యమము, చచ్చిన నాటికిగూడ వానికొక కాగితమైన సంపాదింపలేకపోయెనని మాత్రమే యనుచున్నాను. 2021లో నల్లతామర పురుగు మిరపతోటలను ఊడ్చినప్పుడును కథ మారలేదు.

చట్టములు లేకపోలేదు. 1956లో కౌలుచట్టము వచ్చెను. దానికి జడిసి ఆసాములు కాగితము మాని నోటిమాట కౌలునకు దిగిరి. 2011లో సాగుదారులకు గుర్తింపుకార్డు లిచ్చు చట్టము వచ్చెను. 2019లో మఱియొకటి వచ్చి, పదునొకండు నెలలపాటు పంటపై మాత్రమే కౌలుదారునకు హక్కనియు, భూమిపై హక్కు లేదనియు స్పష్టముగా చెప్పెను. కాని పట్టాదారుని సమ్మతి కావలెనని షరతు పెట్టెను. తాళము చేసి చెవి ఎదుటివాని చేతికిచ్చినట్లైనది! అదే యేట కేంద్రము ఆరంభించిన పీ.ఎం. కిసాన్ సాయము భూమి పేరనున్నవానికే గాని దున్నువానికి లేదు. 2025 ఫిబ్రవరిలో మిర్చి ధర పడిపోగా క్వింటాలునకు 11,781 రూపాయల లెక్కన ఆదుకొందుమని కేంద్రము ప్రకటించినది. ఇట్టి సాయము లెప్పుడును కాగితముపై పేరున్నవానిని వెదకునే గాని ఎండలో వెన్ను వంచినవానిని వెదకవు.

చదువరులారా, ఆ సమ్మతి నీయవలసినవారు ఎవరు? ఊరిలో పొలముంచి, గుంటూరునను హైదరాబాదునను అమెరికాలోను నివసించు మనమే. సంతకము పెట్టినచో పొలము పోవునందుమా? పోదని చట్టమే చెప్పుచున్నది. కౌలుదారు మనవాడే, మాటమీద నడచును, కాగిత మెందులకందుమా? మన మాటను బ్యాంకు నమ్మదు. నష్టపరిహార మిచ్చు కచేరియు నమ్మదు. ఆ మనిషి చచ్చినపిమ్మట అతని భార్య తన భర్త రైతని ఋజువు చూపలేక తహసీలుదారు కచేరి మెట్లపై కూర్చుండును. వితంతువుల దుఃఖమునకై వీరేశలింగముగారి కాలమునుండి కన్నీరు కార్చుచున్న గృహములే ఆమెకు ఒక సంతకము నిరాకరించుట ఎట్టి సంస్కారము? పంటరుణమును, పంటసాయమును మన పేర తీసికొనుచుంటిమి గనుక కాగితము బయటపడునను భయమే అసలు కారణమైనచో, దానికి సంప్రదాయమని పేరు పెట్టక ఉన్న పేరే పెట్టుకొందము.

1964లో స్థాపింపబడిన వ్యవసాయ విశ్వవిద్యాలయమునకు 1996లో రంగాగారి పేరిడిరి; నేడది గుంటూరు చెంత లాములో నున్నది. పేరు నిలిచినది, సంతోషము. ఆయన లేవదీసిన ప్రశ్న సగముననే నిలిచిపోయినది. వచ్చు నవంబరు 7వ తేదీన విగ్రహమునకు దండ వేయబోవు ఆసాములు మొదట తమ కౌలుదారుని పిలిచి, అతని కాగితముపై చేవ్రాలుచేసి, ఆ పిమ్మట దండ వేయుదురుగాక.