తప్పు కోర్టు గడప తొక్కితే హక్కు మురిగిపోవాలా?

ప్రామిసరీ నోటు మూడేళ్లకు మురిగిపోతుందని మన గేరిలో చదువురాని ముసలమ్మకు కూడా తెలుసు. అప్పులిచ్చేవాళ్ల గడువు మనకు అంత బాగా వంటబట్టింది. మరి మన భూమి గడువెంతో ఎవరైనా చెప్పారా? పట్టా భూమిని ఇంకొకడు ఆక్రమించి మాదేనని కూర్చుంటే, దావా వేసుకోవడానికి మనకున్నది 12 ఏళ్లు. అది దాటితే దావాతో పాటు భూమి మీద హక్కే పోతుంది.

బద్వేలు కాడో జమ్మలమడుగు కాడో ఒక కూలి మనిషి అప్పు తెచ్చి దావా వేస్తాడు. ఏళ్ల తరబడి వాయిదాలకు తిరుగుతాడు. ఆఖర్న కోర్టు ఏమంటుంది? ఈ భూమి విలువకు మా కోర్టు చాలదు, ఇంకో కోర్టుకు పొమ్మంటుంది. అక్కడికి పోతే ఎదుటి ప్లీడరు లేచి గడువు దాటిపోయిందంటాడు. మనవాడు నిజమే కాబోలనుకొని ఇంటికొచ్చి కూర్చుంటాడు. భూస్వామికి కావాల్సింది అదే.

అది నిజం కాదంటున్నాం. 1963 లిమిటేషన్ చట్టం 14వ సెక్షన్ చదవండి. విచారించే అధికారం లేని కోర్టులో గడిచిన కాలాన్ని గడువు లెక్కలోంచి తీసేయమంటుంది. అప్పీలులో గడిచిన కాలం కూడా అంతే. లెక్క చూడండి. 2010 జూన్‌లో భూమి పోయింది. 2020 జూన్‌లో తప్పు కోర్టులో దావా పడింది. 2024 జూన్‌లో కాగితాలు వాపసొచ్చాయి. క్యాలెండరులో 14 ఏళ్లు. చట్టం లెక్కలో 10 ఏళ్లే. ఇంకా రెండేళ్లుంది.

అయితే షరతులున్నాయి. రెండు దావాలూ ఒకే పక్షం, ఒకే విషయం మీద వేసి ఉండాలి. మొదటిది అధికారం లేకనో, అలాంటి లోపం వల్లనో ఆగిపోయి ఉండాలి. దాన్ని శ్రద్ధగా, సద్బుద్ధితో నడిపించి ఉండాలి. వాయిదాలకు పోక కొట్టేయించుకున్న కేసుకు ఈ మేలు లేదు. కాగితాలు వాపసొచ్చాక ఇంట్లో పెట్టుకున్న రోజులు కూడా మన లెక్కలోనే పడతాయి. ఇంకో మాట. మండలాఫీసులో ఇచ్చిన అర్జీలు, సోమవారం గ్రీవెన్సు రసీదులు కోర్టు గడువును ఆపవు. అర్జీ పెట్టాం కదా అని ఊరకుండిపోతే మోసపోయేది మనమే.

ఇక్కడే మా అభ్యంతరం. శ్రద్ధగా ఉన్నానని రుజువు చేసుకోవాల్సింది ఎవరు? వకాల్తా మీద వేలిముద్ర వేసినవాడు! ఏ కోర్టో తేల్చాల్సింది ప్లీడరు. అధికారం లేదని మొదటి వాయిదాకే చెప్పగలిగింది కోర్టు. నాలుగేళ్లకు చెప్తే ఆ నాలుగేళ్ల కూలి, బస్సు చార్జీలు, వడ్డీ ఎవరిస్తారు? 14వ సెక్షన్ కాలాన్నే తిరిగిస్తుంది, కడుపు కోతను కాదు.

గడపలు మార్చడం చేతకాని పని కాదు. అత్యాచారాల నిరోధక చట్టం కేసుల్లో పోలీసులు చార్జిషీటు నేరుగా ప్రత్యేక కోర్టులో వేస్తే చెల్లదని, ముందు మేజిస్ట్రేటు దగ్గరికి పోవాలని 2000లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆ కేసు ఆంధ్రప్రదేశ్ నుంచి పోయిందే. 2016 జనవరి 26 నుంచి అమల్లోకొచ్చిన సవరణ ఆ అడ్డు తీసేసింది. ప్రత్యేక కోర్టే నేరుగా కేసు తీసుకోవచ్చు. అక్కడ సాధ్యమైంది భూమి కేసుల్లో ఎందుకు కాదు?

మేం అడిగేది రెండే. కోర్టుకు అధికారముందా లేదా అన్నది మొదట్లోనే తేల్చాలి. కాగితాలు వాపసిచ్చేటప్పుడు ఏ కోర్టుకు పోవాలో, ఎన్ని రోజులు లెక్కలోంచి పోతాయో తెలుగులో రాసివ్వాలి.

అందాకా కార్యకర్తలు ఒక పని చెయ్యాలి. దావా వేయకముందే భూమి పట్టాదా, డీకేటీదా అడగండి. చట్టానికి విరుద్ధంగా చేతులు మారిన డీకేటీ భూమిని తిరిగి ఇప్పించే అధికారం 1977 అసైన్డు భూముల చట్టం రెవెన్యూ వాళ్లకిచ్చింది. భూమి పోయిన తేదీ, దావా వేసిన తేదీ, వాపసొచ్చిన తేదీ ఒక నోటుబుక్కులో రాయించండి. ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా ప్లీడర్ని పెట్టాలని 1987 న్యాయసేవల చట్టం చెప్తోంది. కడప జిల్లా న్యాయసేవాధికార సంస్థకు పోయి అడగండి. అది దయ కాదు, హక్కు.

గడువు దాటిందని ఎదుటి ప్లీడరు అన్నంత మాత్రాన లేచి రావద్దు. ఏ తేదీ నుంచి ఏ తేదీకో లెక్క చెప్పమనండి.