తగరంలో ముంచిన కలం

బెర్లిన్‌లో ఏఈజీ కంపెనీ లోహ ప్రయోగశాల. 1916. పోలండ్ రసాయన శాస్త్రవేత్త యాన్ చొక్రాల్‌స్కీ ఏదో రాసుకుంటూ, పరధ్యానంలో కలాన్ని సిరాబుడ్డికి బదులు కరిగిన తగరం మూసలో ముంచాడని చెబుతారు. పైకి తీస్తే పాళీ మొనకు సన్నటి తీగ వేలాడుతూ వచ్చింది. ఇంకొకరైతే పాళీ పాడైందని విసుక్కునేవారు. ఆయన తీగను పరీక్షకు పెట్టాడు. ఈ కొస నుంచి ఆ కొసదాకా పరమాణువులు ఒక్క క్రమంలో పేర్చుకున్న ఏకస్ఫటికమని తేలింది.

లోహాలు ఎంత వేగంగా స్ఫటికం కడతాయో కొలవడానికి కరిగిన లోహం నుంచి ఇలా తీగ లాగే పద్ధతిని 1918లో ఆయన ప్రకటించాడు. లోహశాస్త్రం గడప దాటి అది బయటికి రావడానికి ట్రాన్సిస్టర్ పుట్టాల్సి వచ్చింది. 1950 ప్రాంతంలో అమెరికాలోని బెల్ ల్యాబ్స్‌లో గోర్డన్ టీల్, జాన్ లిటిల్ ఆ దారిలోనే జర్మేనియం స్ఫటికాలు పెంచారు. తర్వాత సిలికాన్ వంతు వచ్చింది.

పటికబెల్లంలోనూ దారం చుట్టూ స్ఫటికాలే కడతాయి. కాకపోతే అక్కడ ఏ పలుకు దారి దానిదే. సిలికాన్ కొలిమిలో దిమ్మె మొత్తం ఒకే పలుకు కావాలి. క్వార్ట్జ్ మూసలో 1414 డిగ్రీల సెల్సియస్ దగ్గర కరిగిన సిలికాన్‌ను చిన్న విత్తన స్ఫటికం తాకగానే వేడి దెబ్బకు ఆ విత్తనంలో పరమాణువుల వరుసలు చెదురుతాయి. ఆ లోపం కిందికి పాకకుండా మొదట మూడు నాలుగు మిల్లీమీటర్ల మందంతో సన్నని మెడ లాగుతారు. లోపాలు పక్కలకు జరిగి అక్కడే ఆగిపోతాయి. విలియం డాష్ 1950ల చివర చూపిన ఉపాయమిది. ఆ పైన చిప్పుల కోసం కోసే 300 మిల్లీమీటర్ల పలకలకు సరిపడా లావు రానిచ్చి, తిప్పుతూ, నిమిషానికి మిల్లీమీటరుకు కాస్త అటూ ఇటూగా గంటల తరబడి పైకి లాగుతారు. వంద కిలోలు దాటే దిమ్మె మొత్తం వేలాడేది ఆ మెడనుంచే! దిమ్మె ఒంటిమీద సన్నటి నిలువు గీతలు కనబడుతుండాలి. అవి చెరిగాయంటే క్రమం తప్పినట్టే. చేసిందంతా మళ్లీ కరిగించుకోవాలి.

హైదరాబాద్ కంచన్‌బాగ్‌లోని రక్షణ లోహ పరిశోధనశాల డీఎంఆర్‌ఎల్‌కూ ఈ ఓపిక తెలుసు. హెలికాప్టర్ ఇంజిన్ కోసం నికెల్ మిశ్రలోహంతో చేసిన 60 ఏకస్ఫటిక బ్లేడ్లను 2021లో అది విమాన తయారీ సంస్థ హెచ్‌ఏఎల్‌కు అందించింది. మామూలు లోహంలో రేణువుకూ రేణువుకూ మధ్య ఉండే సరిహద్దులే పెనువేడికి ముందుగా లొంగుతాయి. ఏకస్ఫటికంలో ఆ సరిహద్దులే ఉండవు.

మన దగ్గర చిప్పుల ముచ్చట ఎత్తితే ఎన్ని వేల కోట్లు, ఎన్ని ఉద్యోగాలు అన్నదగ్గరే ఆగుతుంది. కొలిమి దగ్గర నిలబడి గీతలు కనిపెట్టే మనిషి ఊసు రాదు. ఆ నైపుణ్యం ప్రకటనతో రాదు, ఏళ్లు పడుతుంది.

చొక్రాల్‌స్కీనీ అలాగే మరిచారు. జర్మన్లకు సహకరించాడని రెండో ప్రపంచయుద్ధం తర్వాత నింద పడింది. విచారణలో నిర్దోషిగా తేలినా వార్సా సాంకేతిక విశ్వవిద్యాలయం ఆయన్ని తిరిగి చేర్చుకోలేదు. సొంతూరు క్ట్‌సీనియాకు వెళ్లి, ఇంటి వాడకపు రసాయనాలు తయారుచేసుకుంటూ బతికాడు. 1953లో కన్నుమూశాడు. విశ్వవిద్యాలయం ఆయన గౌరవాన్ని తిరిగి ఇచ్చింది 2011లో. అప్పటికే ప్రపంచంలోని చిప్పుల్లో అత్యధికం ఆయన పద్ధతిలో పెంచిన సిలికాన్ మీదే తయారవుతున్నాయి.