డప్పు కొట్టి వెలివేసే అధికారం ఎవరిచ్చారు?



ఆ చాటింపు మనకు తెలిసిందే. ఫలానా ఇంటివాళ్ళతో ఎవరూ మాట్లాడొద్దు. వాళ్ళ పొలంలో నాటుకు పోవద్దు. వాళ్ళకు కిరాణా సామాను ఇవ్వొద్దు, ఆటో ఎక్కించుకోవద్దు, పెళ్ళికి పిలవొద్దు, చావుకు పోవద్దు. మాట్లాడినట్టు తెలిస్తే ఇంత దండుగ. ఒకప్పుడు డప్పు మీద వచ్చిన ఈ మాట ఇప్పుడు మైకులో కూడా వస్తోంది. నిజామాబాద్, నిర్మల్, జగిత్యాల జిల్లాల్లో దాని వెనక ఉండేది గ్రామాభివృద్ధి కమిటీ. మన నోళ్ళలో వీడీసీ.

మా కోర్కె ముందే చెప్పేస్తాం. ఏ కులం వాళ్ళ మీద ఎవరు విధించినా సరే, సాంఘిక బహిష్కరణ నేరమని చెప్పే చట్టం తెలంగాణ శాసనసభ చేయాలి. ఊరి పేరున వసూలయ్యే ప్రతి రూపాయీ గ్రామసభ ముందు లెక్కకు రావాలి.

ఈ అధికారం ఎలా పుట్టిందో ఒకసారి చూద్దాం. వీడీసీకి ఓట్లు లేవు, నామినేషన్లు లేవు. గుడి దగ్గరో చెట్టు కిందో కూర్చుని, కులానికి ఇద్దరు ముగ్గురు చొప్పున పెద్దమనుషులను అనుకుంటారు. ఆడవాళ్ళు దాదాపు ఉండరు. తర్వాత వేలం పాటలు మొదలవుతాయి: బెల్టు షాపు ఎవరు పెట్టుకోవాలి, చెరువులో చేప ఎవరు పట్టాలి, ఇసుక ట్రాక్టరుకు ఎంత కట్టాలి. బెల్టు షాపు నడపడమే చట్టవిరుద్ధం, దానికి వేలం మరొకటి. ఆ డబ్బుతో గుడి కడతారు, బడికి ప్రహరీ కడతారు, బోరు వేస్తారు. కట్టిన గోడ కంటికి కనిపిస్తుంది కాబట్టి కమిటీ మాటకు విలువ వస్తుంది. విలువ వచ్చాక పంచాయితీలు వస్తాయి, పంచాయితీల వెంట దండుగలు, దండుగ కట్టనన్నవాడికి వెలి. ఒక్కరోజులో ఎవరూ దొర కాలేదు. మెట్టు మెట్టుకూ మనమే చెయ్యి పట్టి ఎక్కించాం.

వాళ్ళు చెప్పుకునే సమర్థన కొట్టిపారేయదగింది కాదు. పోలీస్ స్టేషన్‌కు పోతే ఖర్చు, కోర్టుకు పోతే ఏళ్ళు, ఇక్కడ సాయంత్రానికి తెగుతుందంటారు. అన్ని కులాల వాళ్ళూ కూర్చున్న కమిటీ కదా అంటారు. పంచాయతీ నిధుల కోసం చూస్తే ఎన్నటికి బోరు పడేదని అడుగుతారు. 2024 ఫిబ్రవరిలో సర్పంచుల పదవీకాలం ముగిసి, పంచాయతీలు చాలాకాలం ప్రత్యేకాధికారుల చేతిలో ఉండిపోయినప్పుడు, ఊళ్ళో కష్టం చెప్పుకోవడానికి ఇంకెవరున్నారని మనలో చాలామంది అనుకున్నాం. ప్రభుత్వం వదిలేసిన చోట వీడీసీ కూర్చుంది. ఈ నిజం ఒప్పుకోకుండా దాన్ని తిట్టి లాభం లేదు. అయితే బోరు వేయించినందుకు కృతజ్ఞత చూపుదాం, వెలివేసే హక్కు ఎందుకివ్వాలి?

ఇది రాస్తున్న నా ఇంటి సంగతి ఒకటి చెప్పాలి. మా మేనత్త ఇంటి పక్కన కొన్ని గజాల జాగా కమిటీ కావాలంది, ఆమె ఇవ్వనంది. తీర్మానం పడింది. ఆ వానాకాలం ఆమె పొలానికి ట్రాక్టరు రాలేదు, కూలీలు రాలేదు. యాభై ఏళ్ళుగా ఆమెతో బియ్యం ఏరిన ఆడవాళ్ళు బావి దగ్గర ముఖం తిప్పుకున్నారు. కానీ చీకటి పడ్డాక వెనక గోడ మీద ఒక కూరగిన్నె ఉండేది. ఆమె తెల్లవారకముందే గిన్నె కడిగి అదే గోడ మీద పెట్టేది. ఎవరు పెడుతున్నారో ఇద్దరికీ తెలుసు, ఎన్నడూ పేరెత్తలేదు. ఆ గిన్నెను తలుచుకుంటే నాకు అర్థమయ్యేది ఒకటే: ఊరు ఆమెను వెలివేయలేదు. ఊళ్ళో ప్రతి ఇల్లూ పక్క ఇంటికి భయపడింది, అంతే. పదిమంది కమిటీకి అయిదువందల ఇళ్ళను కట్టేసే బలం అక్కడి నుంచే వస్తోంది.

మన ప్రాంతంలో ఒక మాట తప్పకుండా వస్తుంది: బహిష్కరణ మన పోరాటాల ఆయుధమే కదా అని. నిజమే. 1978 సెప్టెంబరు 7న రైతుకూలీల జగిత్యాల జైత్రయాత్ర జరిగిన రోజుల్లో, వెట్టి చేయించుకున్న దొరల ఇళ్ళకు సాకలి పోలేదు, మంగలి పోలేదు, జీతగాడు పోలేదు. ఆ బహిష్కరణకు జడిసిన ప్రభుత్వం ఆ ఏడాదే జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. ఆ రోజుల్లో ఎవరి మీదా ఒత్తిడి లేదని మేం అనం. అయినా తేడా పెద్దది. అప్పుడు జనం తమ చాకిరీని తాము ఆపుకున్నారు, అదీ పోలీసూ పట్వారీ చేతిలో ఉన్నవాడి మీద. ఇప్పుడు కమిటీ ఇతరుల చాకిరీని దండుగ భయంతో ఆపుతోంది, అదీ ఎవరి అండా లేనివాళ్ళ మీద. డప్పు కొట్టనన్నందుకు దళితులను వెలివేసిన ఊళ్ళున్నాయి. కల్లు దగ్గర పేచీ వచ్చి గౌడ కుటుంబాలను వెలివేసిన వార్తలు పత్రికల్లో చదివాం. దొర గడీ కూలిందని సంబరపడ్డవాళ్ళ మనవలు అదే గడీ కొలువును చెట్టు కింద పెడుతున్నారు.

వెలి అక్కడితో ఆగదనీ మనకు తెలుసు. 1991లో గుంటూరు జిల్లా చుండూరులో ముందు దళితుల మీద సాంఘిక బహిష్కరణ వచ్చింది, ఆగస్టు 6న ఎనిమిది మందిని చంపారు. 2017లో పశ్చిమ గోదావరి జిల్లా గరగపర్రులో అంబేడ్కర్ విగ్రహం పెట్టినందుకు దళితులకు పనులు బంద్ చేశారు. తిండి, పని, మాట తెంపేశాక ఆ మనిషిని కొట్టడం తేలికైపోతుంది.

ఇప్పటికి చట్టంలో ఏముంది? ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టానికి 2015లో చేసిన సవరణ, 2016 జనవరి 26 నుంచి అమల్లోకి వచ్చి, దళిత, గిరిజనులను సాంఘికంగా గానీ ఆర్థికంగా గానీ బహిష్కరించడాన్ని, బహిష్కరిస్తామని బెదిరించడాన్ని నేరం చేసింది. శిక్ష ఆరు నెలల నుంచి అయిదేళ్ళు. ఇది గట్టి రక్షణే, కానీ కేసు కట్టేచోటే నీరుగారుతోంది. మా మేనత్తలాంటి బీసీ కుటుంబానికి ఈ చట్టం వర్తించదు. ఆమె పోతే స్టేషన్‌లో దొరికేది రాజీ మాట. ఊరితో పెట్టుకుని ఎట్లా బతుకుతావమ్మా, ఎంతో కొంత కట్టేయి అంటారు. కులాంతర వివాహాల జోలికొచ్చే ఖాప్ పంచాయతీల మీద 2018 మార్చిలో శక్తివాహిని కేసులో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది, కానీ అది పెళ్ళిళ్ళ వరకే.

పక్కనే దారి ఉంది. మహారాష్ట్ర శాసనసభ 2016లో సాంఘిక బహిష్కరణ నిరోధక చట్టం చేసింది, 2017 జూలైలో అది అమల్లోకి వచ్చింది. ఏ కులమైనా, ఏ పంచాయతైనా, వెలివేస్తే మూడేళ్ళ దాకా జైలు, లక్ష రూపాయల దాకా జరిమానా. ఆ చట్టం కోసం అక్కడ కుల పంచాయతీలతో తలపడిన వాళ్ళలో నరేంద్ర దభోల్కర్ స్థాపించిన మూఢనమ్మకాల నిర్మూలన సంస్థ ముందు నిలిచింది. 2013 ఆగస్టు 20న పుణేలో ఆయన్ను కాల్చి చంపారు, పని ఆగలేదు. సరిహద్దు అవతలి వాళ్ళకు సాధ్యమైంది ఇవతల మనకెందుకు కాదు?

నిజానికి ఈ ఆలోచన ఇంకా పాతది. రౌండ్ టేబుల్ సమావేశాల కాలంలోనే అంబేడ్కర్, 1922 నాటి బర్మా బహిష్కార నిరోధక చట్టాన్ని నమూనాగా తీసుకుని, బహిష్కరణను నేరం చేయాలని అడిగాడు. 1947లో రాజ్యాంగ సభ కోసం రాసిన స్టేట్స్ అండ్ మైనారిటీస్‌లో మళ్ళీ అడిగాడు. రాజ్యాంగంలో అంటరానితనం రద్దు వచ్చింది, బహిష్కరణ పేరు మాత్రం రాలేదు.

ఒక అభ్యంతరానికి జవాబు చెప్పాలి. 1949లో బొంబాయి రాష్ట్రం వెలి నిషేధిస్తూ చేసిన చట్టాన్ని 1962లో సుప్రీంకోర్టు కొట్టేసింది కదా అని న్యాయవాదులు అడుగుతారు. అది ముస్లింలలో ఒక శాఖైన దావూదీ బోహ్రాల మతపరమైన స్వేచ్ఛ మీద వచ్చిన తీర్పు. వీడీసీ మతశాఖ కాదు, వేలం పాటలు మత ధర్మమూ కాదు. ఇంకొకటి మాత్రం మేమే జాగ్రత్తగా అడుగుతున్నాం. కొత్త చట్టం కూలీ రేటు కోసం పని ఆపిన కూలీల మెడకు చుట్టుకోకూడదు. ఒకరితో మాట్లాడాలని ఏ చట్టమూ మనల్ని బలవంతపెట్టదు, పెట్టకూడదు. మాట్లాడితే దండుగ అని చాటించడం, మాట్లాడినవాడి దగ్గర వసూలు చేయడం, ఇవి నేరాలు కావాలి. చట్టంలో ఈ గీత స్పష్టంగా రాయించాలి.

చట్టం వచ్చేదాకా చేతులు కట్టుకుని కూర్చోనక్కర్లేదు. 2018 తెలంగాణ పంచాయతీ రాజ్ చట్టం ప్రకారం రెండు నెలలకోసారి గ్రామసభ జరగాలి. మన ఊళ్ళో సంతకాలు మాత్రమే జరుగుతున్నాయి. వచ్చే గ్రామసభకు ఇంటికొకరు కాదు, ఇంటికి ఇద్దరు రావాలి, ఒకరు ఆడవాళ్ళు. పోయిన మూడేళ్ళలో ఊరి పేరున ఎంత వేలం పలికింది, ఎవరి దగ్గర ఎంత దండుగ తీసుకున్నారు, ఎక్కడ ఖర్చయింది అని అడగాలి, అడిగిన ప్రశ్నను కార్యదర్శి చేత తీర్మానాల పుస్తకంలో రాయించాలి. సర్పంచు, వార్డు సభ్యులు వీడీసీ బల్ల దగ్గర కూర్చోవడం మానాలి. ఓటేసి గెలిపించింది పంచాయతీ ఆఫీసులో కూర్చోమని.

వెలి పడిన కుటుంబం ఉంటే చాటింపును ఫోన్‌లో రికార్డు చేయండి, తేదీ రాసి పెట్టుకోండి, దండుగకు రసీదు అడగండి. రసీదు ఇవ్వనంటే ఆ సంగతే ఫిర్యాదులో రాయండి. ఎస్సీ, ఎస్టీ కుటుంబాలైతే అత్యాచారాల చట్టం కిందే కేసు కట్టమని పట్టుబట్టండి. మిగతావాళ్ళకు బెదిరింపు, బలవంతపు వసూలు నేరాల కింద ఫిర్యాదు చేసే దారి ఇప్పటికీ ఉంది. స్టేషన్‌లో తీసుకోకపోతే రాతపూర్వకంగా ఎస్పీకి, పోలీస్ కమిషనర్ ఉన్నచోట కమిషనర్‌కు పంపండి.

రాత్రి గోడ మీద గిన్నె పెట్టిన అక్కలకు మాది ఒకటే విన్నపం. ఈసారి పగలే, ముందు గుమ్మం నుంచి, పదిమంది కలిసి తీసుకెళ్ళండి. అంతమంది దగ్గర దండుగ వసూలు చేయడానికి ఏ కమిటీకి ధైర్యముందో చూద్దాం.