మేరియన్ డేవిస్‌కి మనం బాకీ

సినిమా పిచ్చి ఉన్న నా స్నేహితుల్లో ‘సిటిజన్ కేన్’ చూడనివాళ్లు లేరు. ‘షో పీపుల్’ (1928) చూసినవాళ్లు మాత్రం ఇంకా తగల్లేదు. అందుకే మేరియన్ డేవిస్ పేరెత్తగానే అందరిదీ ఒకటే పాట: “పత్రికాధిపతి హర్స్ట్ డబ్బు పోసి నిలబెట్టిన ప్రియురాలే కదా, నటన ఎక్కడ?” కోడ్ చదవకుండానే రివ్యూలో కామెంట్లు పెట్టేవాళ్లని చూస్తే ఒళ్లు మండుతుంది నాకు. ఇదీ అదే బాపతు.

కింగ్ విడోర్ తీసిన ఈ మూకీలో డేవిస్ పేరు పెగ్గీ పెప్పర్. మహానటి అయిపోదామని జార్జియా నుంచి హాలీవుడ్‌లో దిగిన పిల్ల. తీరా మొదటి షాట్‌లోనే మొహం మీద సోడా కొడతారు. ముందుగా ఎవరూ చెప్పలేదు. నిజంగానే బిత్తరపోయి ఏడుస్తుంది. జనం పడీపడీ నవ్వుతారు. పేరొస్తుంది. పేరుతో పాటే పెద్ద స్టూడియో, ‘పట్రీషియా పెప్వార్’ అనే కొత్త పేరు, మూతి తిప్పుడు వస్తాయి. చెయ్యి పట్టి నిలబెట్టిన కమెడియన్ బిల్లీ పరాయివాడైపోతాడు.

“సరదా సినిమా, అంతకుమించి ఏముంది?” అంటారు. ఉంది. మీసం లేని చాప్లిన్ వచ్చి ఆటోగ్రాఫ్ అడిగితే పెగ్గీ విసుక్కుంటుంది. ఎవరో తెలిశాక మూర్ఛపోతుంది. కీర్తి అంటే మనిషి కాదు, లేబులని ఇంతకన్నా సూటిగా ఎవరు చెప్పారు? ఇంకో చోట ‘మేరియన్ డేవిస్’ అనే స్టార్‌నే చూసి పెగ్గీ పెదవి విరుస్తుంది. తెర మీద తనని తానే ఇలా ఆటపట్టించుకున్న ‘సీరియస్’ తారలు ఎందరో చెప్పండి!

ముగింపు మరీ సులువుగా తేలిపోయింది, ఒప్పుకుంటాను. హర్స్ట్ పత్రికలు ఆమెని ఆకాశానికెత్తిన మాటా నిజమే. కానీ ఆ డప్పు మోతే ఆమె కొంప ముంచింది. కొనుక్కున్న పొగడ్తల మధ్య నిజమైన మెప్పుని ఎవరు నమ్ముతారు? హర్స్ట్‌కి ఆమె బరువైన చారిత్రక పాత్రల్లో కావాలి. ఆమె బలమేమో హాస్యం. పెగ్గీ కథ ఆమె సొంత వాదనే.

‘కేన్’లోని సూజన్ మేరియన్ కాదని ఆర్సన్ వెల్సే రాశాడు, ఆమె స్వీయకథకి ముందుమాటలో. ఆ పుస్తకం వచ్చింది 1975లో. ఆమె పోయింది 1961లో. సవరణ అందాల్సిన మనిషికి అందలేదు.

మనకి ఆ సాకు లేదు. గంటన్నర కూడా లేని సినిమా. చూడండి, ఆ తర్వాత తిట్టండి.