ముప్పై లక్షల అప్పు... అరవై రెండు లక్షల లెక్క!

హన్మకొండలో ఓ ఆదివారం సాయంత్రం అనుకోండి. బ్యాంకు నుంచి రుణం మంజూరైనట్లు కాగితం వచ్చింది. నలభై లక్షల ఫ్లాటు, ముప్పై లక్షల అప్పు, 8.5 శాతం వడ్డీ, ఇరవై ఏళ్ల గడువు. నెలకు ఈఎంఐ 26,035 రూపాయలు. ఇంటాయన ప్రైవేటు కాలేజీలో లెక్చరర్. ఇప్పుడు కడుతున్న అద్దె పన్నెండు వేలు. దానికి ఇంకో పద్నాలుగు వేలు జత చేస్తే సొంతిల్లు... భార్యాభర్తలిద్దరూ అలా లెక్కేసుకుని సంబరపడుతున్నారు. మామగారు ఇంకాస్త ధైర్యం చెప్పారు. ''నూటికి ముప్పావలా వడ్డీ కూడా పడట్లేదు అల్లుడూ! మా రోజుల్లో రెండు రూపాయలకు తెచ్చి వ్యవసాయం చేశాం.''

ఆయన అన్నది నిజమే. ఏడాదికి 8.5 శాతమంటే ఊరి లెక్కలో నెలకు నూటికి 71 పైసలు. అంత తక్కువ వడ్డీకి ఊళ్లో ఎవరిస్తారు?

అప్పటిదాకా మాట్లాడకుండా టీ తాగుతున్న బావ, అంటే లెక్చరర్ గారి అక్క భర్త, ఒక్క మాట అడిగాడు. ''నెలకు ఎంతో చెప్పారు సరే... మొత్తం ఎంతో చెప్పారా బామ్మర్దీ?''

కాగితం వెనక్కి తిప్పి గుణించారు. 26,035 ఇంటూ 240 నెలలు. 62 లక్షల 48 వేలు! ముప్పై లక్షల అసలుకి ముప్పై రెండున్నర లక్షల వడ్డీ. 'అసలు కన్నా వడ్డీ ముద్దు' అని మనవళ్ల గురించి అంటుంటారు కానీ, గృహరుణం ఇచ్చే బ్యాంకుకు ఆ మాట అక్షరాలా వర్తిస్తుంది.

ముప్పావలా కూడా లేని వడ్డీ ఇంత ఎలా అయింది? రేటు వల్ల కాదు, కాలం వల్ల.

మొదటి పన్నెండేళ్లూ వడ్డీకే!

ఈఎంఐ ప్రతి నెలా ఒకేలా ఉంటుంది కాబట్టి అప్పు కూడా సమానంగా తగ్గుతుందని చాలామంది అనుకుంటారు. అలా జరగదు. బ్యాంకు ముందు ఆ నెల వడ్డీ తీసుకుంటుంది. మిగిలిందే అసలుకు జమ. ముప్పై లక్షల మీద మొదటి నెల వడ్డీ 21,250 రూపాయలు. అంటే కట్టిన 26,035లో అసలు కింద పోయేది 4,785 మాత్రమే. రెండో నెలలో అది మరో ముప్పై నాలుగు రూపాయలు పెరుగుతుంది. అంతే!

ఐదేళ్లు క్రమం తప్పకుండా కడితే చేతి నుంచి పోయేది 15 లక్షల 62 వేలు. అప్పుడు బ్యాంకుకెళ్లి స్టేట్‌మెంట్ అడిగితే ఇంకా 26 లక్షల 44 వేలు బాకీ చూపిస్తుంది. కట్టినదాంట్లో పన్నెండు లక్షలు వడ్డీకే పోయాయన్నమాట. ఈఎంఐలో అసలు వాటా వడ్డీ వాటాను దాటడానికి దాదాపు పన్నెండేళ్లు పడుతుంది. అప్పు సగానికి, అంటే పదిహేను లక్షలకు, దిగేసరికి పదమూడేళ్ల పది నెలలు. ఇందులో బ్యాంకు మోసమేమీ లేదు. బాకీ ఎంతుంటే దాని మీదే వడ్డీ. మొదట్లో బాకీ పెద్దది, అందుకే వడ్డీ పెద్దది.

అదే అప్పును పదిహేనేళ్లకు తీసుకుంటే ఈఎంఐ 29,542. మొత్తం వడ్డీ 23 లక్షల 18 వేలు. ముప్పై ఏళ్లకైతే ఈఎంఐ 23,067. వడ్డీ 53 లక్షలు! ఇరవై ఏళ్లను ముప్పై చేస్తే నెలకు మిగిలేది మూడు వేల లోపే. అందుకోసం అదనంగా ఇచ్చేది ఇరవై లక్షల పైన. 'మీ బడ్జెట్‌కు తగ్గ ఈఎంఐ' అని ప్రకటనల్లో కనిపించే మాట వెనక ఉండేది ఈ లెక్కే.

బావ గారి అనుభవం

బావకు ఇదంతా ఎలా తెలిసిందంటారా? ఆయన సర్కారు బడిలో ఉపాధ్యాయుడు. 2021 మొదట్లో, 41వ ఏట, ఆయనా ముప్పై లక్షలే తీసుకున్నాడు. కరోనా రోజులవి. రిజర్వు బ్యాంకు రెపో రేటు 4 శాతానికి దిగి ఉంది. గృహరుణాలు 6.7 శాతానికే దొరికాయి. ఇరవై ఏళ్లకు ఈఎంఐ 22,722. తెలంగాణలో ఉద్యోగ విరమణ వయసు 61. సరిగ్గా 2041లో ఉద్యోగమూ అయిపోతుంది, అప్పూ తీరిపోతుంది. చక్కని ప్రణాళిక.

అయితే ఆ వడ్డీ రెపో రేటుకు ముడిపడి ఉంది. బ్యాంకులిచ్చే కొత్త ఫ్లోటింగ్ గృహరుణాలను రెపో వంటి బయటి ప్రామాణికానికి అనుసంధానించాలని 2019 అక్టోబరు నుంచి నిబంధన. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి మధ్య రిజర్వు బ్యాంకు రెపోను 4 నుంచి 6.5 శాతానికి పెంచింది. ఆయన వడ్డీ 9.2 శాతమైంది. రెండేళ్లు కట్టాక బాకీ 28 లక్షల 47 వేలు ఉంది. దాని మీద నెల వడ్డీయే 21,828. (లెక్క సులువు కోసం రేటు మొత్తం ఒకేసారి పెరిగిందనుకుందాం.) పాత ఈఎంఐలో అసలుకు మిగిలేది 900 రూపాయల లోపే! ఈఎంఐ పెంచకుండా అలాగే కడుతూ పోతే, మిగిలిన పద్దెనిమిదేళ్ల అప్పు తీరడానికి కాగితం మీద 35 ఏళ్లు పడుతుంది.

అంత గడువు బ్యాంకు కూడా ఇవ్వదు. అందుకే ఈఎంఐని 24,284 చేసి, గడువును ఇంకో పాతికేళ్లకు పొడిగించారు. ఫోనుకు మెసేజ్ వచ్చింది. నెలకు పదిహేను వందలే కదా పెరిగిందని బావ పట్టించుకోలేదు. గడువు 2041 నుంచి 2048కి జరిగిందని స్టేట్‌మెంట్ చూసినప్పుడు తెలిసింది. అప్పటికి ఆయనకు 68 ఏళ్లు. 9.2 శాతమే కొనసాగితే విరమణ రోజున ఇంకా పదిహేను లక్షల బాకీ ఉంటుంది. గ్రాట్యుటీ సొమ్ము ఏమవుతుందో ఊహించుకోవచ్చు.

ఆనాడు పాత గడువునే ఉంచమని అడిగి ఉంటే? ఈఎంఐ 27,018 అయ్యేది. ఇప్పుడు కడుతున్నదానికన్నా 2,700 ఎక్కువ. కష్టమే. కానీ మొత్తం మీద పద్నాలుగున్నర లక్షలు మిగిలేవి.

ఇలా ఇబ్బందిపడింది ఆయనొక్కడే కాదు. 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఆదేశాలిచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకుంటారా, గడువు పొడిగించుకుంటారా, రెండూ కొంత కొంతా చేస్తారా అన్నది రుణగ్రహీతనే అడగాలి. మూడు నెలలకోసారి ఇచ్చే స్టేట్‌మెంట్‌లో ఇప్పటిదాకా కట్టిన అసలు, వడ్డీ, ఇంకా మిగిలిన ఈఎంఐల సంఖ్య చూపాలి. హక్కు ఉంది. అడిగేవాళ్లే తక్కువ.

రేటు తగ్గినప్పుడూ ఇదే చిక్కు. 2025లో రెపో రేటును విడతలవారీగా 6.5 నుంచి 5.25 శాతానికి తగ్గించారు. ఆ తగ్గింపు పూర్తిగా అందిందనుకుంటే బావ వడ్డీ 7.95 శాతం. ఈఎంఐ తగ్గించుకుంటే నెలకు 2,300 చేతిలో మిగులుతాయి, గడువు మాత్రం 2048 దాకా అలాగే ఉంటుంది. ఈఎంఐ అలాగే ఉంచితే మిగిలిన 23 ఏళ్లు 18కి దిగుతాయి. బావ రెండోదే కోరుకున్నాడు. ఈసారి బ్యాంకుకు స్వయంగా వెళ్లి, రాతపూర్వకంగా!

కాగితంలో కనిపించని ఖర్చులు

రిజిస్ట్రేషన్ సంగతి చాలామందికి చివర్లో గుర్తొస్తుంది. తెలంగాణలో 2021లో ఈ చార్జీలన్నీ కలిపి 6 నుంచి 7.5 శాతానికి పెంచారు. నలభై లక్షల ఫ్లాటుకు మూడు లక్షలు. పది లక్షలు దాటిన ఇళ్లకు ఈ ఖర్చును ఇంటి విలువలో కలిపి రుణం ఇవ్వకూడదన్నది నియమం. కాబట్టి చేతి నుంచి పెట్టుకోవాల్సిందే. అక్కడే పర్సనల్ లోనో, బంగారం తాకట్టో మొదలవుతుంది.

ఇక బీమా. అప్పుకు రక్షణగా టర్మ్ పాలసీ ఉండటం మంచిదే. కానీ లక్ష రూపాయల ప్రీమియం ఒకేసారి కట్టాలని చెప్పి, 'లోన్‌లోనే కలిపేస్తాం సార్, మీకు భారం ఉండదు' అంటే మాత్రం కాస్త ఆగాలి. ఆ లక్ష ఇరవై ఏళ్లలో రెండు లక్షల ఎనిమిది వేలవుతుంది. అదే నియమం వంటింటి అల్మారాల కోసం తీసుకునే టాపప్‌కూ వర్తిస్తుంది.

ఇంకా కడుతున్న ఫ్లాటు కొంటే మరో చిక్కు. తాళాలు చేతికొచ్చేదాకా బ్యాంకు విడుదల చేసిన సొమ్ము మీద వడ్డీ ఒక్కటే కట్టే పద్ధతి ఉంది. ప్రీ ఈఎంఐ అంటారు. ముప్పై లక్షలూ విడుదలయ్యాక బిల్డరు ఏడాది ఆలస్యం చేస్తే రెండున్నర లక్షలు వడ్డీకే పోతాయి. అసలు ఒక్క రూపాయీ తగ్గదు. పక్కన అద్దె ఎలాగూ ఉంటుంది. ఆలస్యానికి బిల్డరు నుంచి వడ్డీ కోరే హక్కు 2016 నాటి రెరా చట్టం ఇచ్చింది కానీ, ఆ దారి పట్టేంత ఓపిక అందరికీ ఉండదు.

పన్ను మినహాయింపు ఉంది కదా అని ధీమాపడేవాళ్లూ ఉన్నారు. సొంతంగా ఉండే ఇంటి రుణ వడ్డీకి ఏటా రెండు లక్షల దాకా మినహాయింపు పాత పన్ను విధానంలోనే. కొత్త విధానం ఎంచుకున్నవాళ్లకు అది లేదు.

ఈ ఖర్చుల్లో రుణానికి సంబంధించినవన్నీ ఒకచోట చూడాలంటే బ్యాంకును 'కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్' అడగాలి. 2024 అక్టోబరు నుంచి కొత్తగా ఇచ్చే గృహరుణాలకు అది తప్పనిసరి. ఫీజులు, బ్యాంకు ద్వారా వసూలయ్యే బీమా కలిపాక అసలు వడ్డీ ఎంత పడుతుందో అందులో ఉంటుంది. సంతకాల కట్టలో కలిసిపోకుండా విడిగా తీసి చదవాల్సిన కాగితం అదొక్కటే.

తొలి లక్ష విలువ

అప్పు తొందరగా తీర్చడానికి పెద్ద మొత్తాలే అక్కర్లేదు. మన లెక్చరర్ గారు మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కట్టి, ఈఎంఐ మార్చకుండా ఉంచారనుకోండి. చివర్లో పద్దెనిమిది ఈఎంఐలు ఎగిరిపోతాయి. అంటే 4 లక్షల 70 వేలు. అదే లక్షను పదిహేనో ఏడాది చివర కడితే ఆరు ఈఎంఐలు కూడా పూర్తిగా తగ్గవు. లక్ష అదే, తేడా కాలానిది. ఏటా ఒక్క ఈఎంఐ అదనంగా కడుతూ పోయినా, ఇరవై ఏళ్ల అప్పు పదహారేళ్ల తొమ్మిది నెలల్లో తీరుతుంది. ఆరు లక్షల వడ్డీ మిగులుతుంది. ఫ్లోటింగ్ రేటు మీద వ్యక్తులు తీసుకున్న గృహరుణాన్ని ముందే తీర్చేస్తే బ్యాంకులు జరిమానా వేయకూడదని రిజర్వు బ్యాంకు 2012లోనే చెప్పింది. కట్టేటప్పుడు 'ఈఎంఐ కాదు, గడువు తగ్గించండి' అని రాసివ్వడం మరిచిపోకూడదు.

అలాగని ఉన్నదంతా ఊడ్చి అప్పుకే కట్టేయడం తెలివి కాదు. క్రెడిట్ కార్డు బాకీ ఉంటే ముందు అది తీర్చాలి. దాని వడ్డీ నెలకే మూడు, మూడున్నర శాతం. ఆరు నెలల ఇంటి ఖర్చు విడిగా పెట్టుకోవాలి. ఎందుకంటే ఇంట్లో ఎవరైనా ఆస్పత్రి పాలైతే బ్యాంకుకు కట్టిన లక్ష తిరిగి రాదు.

ఇంకో మాట కూడా చెప్పుకోవాలి. ముప్పై రెండున్నర లక్షల వడ్డీ అని భయపెట్టడం సులువు. పన్నెండు వేల అద్దె ఇరవై ఏళ్లలో ఒక్క రూపాయి పెరగకపోయినా దాదాపు 29 లక్షలవుతుంది. పెరగకుండా ఉంటుందా? పైగా ధరలు ఏటా ఐదు శాతం పెరుగుతాయనుకుంటే, ఇరవై ఏళ్ల తర్వాత కట్టే 26,035 ఈనాటి 9,800తో సమానం. ఇప్పుడు బరువనిపించే ఈఎంఐ జీతం పెరిగేకొద్దీ తేలికవుతుంది. కాబట్టి ఇల్లు కొనడం తప్పేమీ కాదు. ఆ తేలికైన రోజుల్లో అప్పును మరిచిపోయి కారు లోన్ తీసుకోవడమే చాలామంది చేసే పని.

మళ్లీ హన్మకొండకు వద్దాం. టీలు చల్లారిపోయాయి. లెక్చరర్ గారు కాగితం వెనక ముందు 29,542 అని రాశారు. పదిహేనేళ్లకే తీర్చేద్దామని. పక్కనుంచి భార్య, పెద్దవాడి ఇంటర్ ఫీజు గుర్తుచేసింది. కొట్టేశారు. ఇరవై ఏళ్లే ఉంచుకుని, ప్రతి సంక్రాంతికి ఒక ఈఎంఐ అదనంగా కట్టాలని తేల్చుకున్నారు. ''మరి సంక్రాంతి బట్టలో?'' అన్నారు మామగారు. ఎవరూ సమాధానం చెప్పలేదు. ఆమె మాత్రం లేచి వెళ్లి, గోడ మీది క్యాలెండర్‌లో జనవరి పేజీ తీసి, పండగ పక్కన 26,035 అని రాసొచ్చింది.