దాచడం కంటే దరఖాస్తు మేలు

పోలీసులు వచ్చి వాకబు చేసి వెళ్లారనగానే మన మొహల్లాల్లో మొదట జరిగే పని, కుర్రవాణ్ణి దూరపు బంధువుల ఇంటికి పంపివేయడం. ఆ తరువాత పలుకుబడి గల పెద్దమనిషి కోసం వెతుకులాట. వకీలు గుర్తుకు వచ్చేసరికి వారం గడిచిపోతుంది.

ఉద్యోగమంతా దస్త్రాల మధ్య గడిపిన గుమాస్తాను; ఆ వారం విలువ నాకు తెలుసు. భారతీయ నాగరిక సురక్షా సంహిత 482వ సెక్షన్ (పాత 438) కింద ముందస్తు బెయిలును సెషన్స్ కోర్టులో గాని, హైకోర్టులో గాని కోరవచ్చు. ఎఫ్‌ఐఆర్ నమోదయ్యే వరకు ఆగనక్కరలేదని గుర్‌బక్ష్ సింగ్ సిబ్బియా కేసులో సుప్రీంకోర్టు 1980లోనే చెప్పింది. అయితే అరెస్టు భయానికి సహేతుకమైన ఆధారం చూపాలి; వట్టి అనుమానం చాలదు. కనుక పోలీసులు ఎప్పుడు వచ్చారో, ఏమి అడిగారో ఆ రాత్రే రాసి పెట్టుకోండి. నోటీసు ఇస్తే భద్రపరచి, వకీలుతో మాట్లాడి, హాజరు కండి. పరారీలో ఉన్నాడని కోర్టు ప్రకటించిన వానికి ఈ ఉపశమనం సాధారణంగా దొరకదు. బిడ్డను కాపాడుతున్నామనుకొని మనమే ఆ దారి మూస్తున్నాము.

ఉపా కేసుల్లోనైతే ఆ దారిని చట్టమే మూసింది. నా దృష్టిలో అది అన్యాయం. అందుకే, ఏ సెక్షన్లు పెట్టారో ముందు వకీలు చేత చదివించండి. పెద్దమనిషి దగ్గరకు తరువాత వెళ్లవచ్చు.